పహాడీ భాష: ఒక పేరు, అనేక భాషలు

ఈ భాగం చదివిన తరవాత మీరు 'పహాడీ' అనే పేరు వేటికి వర్తిస్తుందో, ఆ భాషల ప్రధాన లక్షణాలేమిటో, వాటిని మాట్లాడేవారి నేటి స్థితి ఏమిటో వివరించగలుగుతారు.

1. పేరు, పరిధి

హిందీలో 'పహాడ్' అంటే కొండ. కొండప్రాంతపు వారి భాష పహాడీ. అయితే హిమాలయాల్లో ఒక లోయవారు తమ మాటను పహాడీ అంటే, వందల కిలోమీటర్ల దూరాన మరొక లోయవారు వేరే భాషకు అదే పేరు పెట్టుకున్నారు. అందువల్ల ఈ పేరు వినగానే 'ఏ ప్రాంతపు పహాడీ?' అని అడగడం అవసరం.

జార్జ్ గ్రియర్సన్ తన 'భారత భాషా పరిశీలన'లో పహాడీని మూడు శాఖలుగా విభజించాడు.

తూర్పు పహాడీ: నేపాలీ.
మధ్య పహాడీ: ఉత్తరాఖండ్‌లోని కుమావునీ, గఢ్వాలీ.
పశ్చిమ పహాడీ: జౌన్‌సారీ, సిర్మౌరీ, కుళుయీ, మండియాలీ, చంబియాలీ మొదలైనవి. వీటిలో ఎక్కువ భాగం హిమాచల్ ప్రదేశ్‌లోనివి.

ఇవన్నీ ఇండో-ఆర్య భాషలే. వీటికి రాజస్థానీతో పోలికలున్నాయని కూడా ఆయన గుర్తించాడు.

పాకిస్తాన్‌లోని రావల్పిండి పరిసరాలు, పాకిస్తాన్ అధీనంలోని కశ్మీర్‌లో ఉన్న మీర్‌పూర్, కోట్లీ, మన దేశంలోని రాజౌరీ, పూంచ్ ప్రాంతాల్లో వినిపించే పహాడీ ఈ మూడింటిలో చేరదు. దీనిని పహాడీ-పోఠ్వారీ అంటారు. గ్రియర్సన్ దీనిని పంజాబీకి దగ్గరగా ఉండే 'లహందా' వర్గంలో చేర్చాడు.

2. కొన్ని భాషా లక్షణాలు

'ఉంది' అనడానికి హిందీవారు 'హై' అంటారు. నేపాలీ, కుమావునీ, గఢ్వాలీలలో ఆ క్రియ 'ఛ'కారంతో మొదలవుతుంది. పోఠ్వారీలో షష్ఠీ ప్రత్యయం 'నా'. పంజాబీలో అది 'దా'.

పంజాబీలోలాగే పోఠ్వారీలోనూ స్వరస్థాయికి అర్థభేదక శక్తి ఉంది. హిందీ 'ఘోడా' (గుర్రం) అక్కడ 'కోడా'కు దగ్గరగా, తగ్గు స్వరంలో పలుకుతుంది. తెలుగువారు మామూలు మాటల్లో 'ధనం'ను 'దనం' అన్నప్పుడు ఒత్తు పోతుంది, అంతే. అక్కడ మాత్రం పోయిన ఒత్తు స్థానంలో స్వరస్థాయి వచ్చి చేరింది.

పశ్చిమ పహాడీ భాషలకు ఒకప్పుడు టాక్రీ లిపి ఉండేది. ఇప్పుడు దేవనాగరి వాడుతున్నారు. పోఠ్వారీని ఎక్కువగా ఉర్దూ లిపిలో రాస్తారు.

3. నేటి స్థితి

ఈ భాషల భవితవ్యం ఒకేలా లేదు. నేపాలీ ఒక దేశానికి అధికార భాష. 1992లో మన రాజ్యాంగం ఎనిమిదవ షెడ్యూలులోనూ చేరింది. సుమారు 25 లక్షలమంది మాట్లాడే గఢ్వాలీ, 20 లక్షలమందికి పైగా మాట్లాడే కుమావునీలను మాత్రం 2011 జనగణన హిందీ కింద లెక్కించింది. పహాడీ అని రాయించుకున్న సుమారు 32 లక్షలమందినీ హిందీ కిందే చేర్చింది. వారిలో హిమాచల్ వారూ ఉన్నారు, జమ్మూ-కశ్మీర్ వారూ ఉన్నారు. అంటే వేరువేరు భాషలు ఒకే గడిలో పడ్డాయి. భాషకు లెక్క తేలకపోతే పాఠ్యపుస్తకాలు, ఉపాధ్యాయులు కావాలని అడగడానికి ఆధారం బలహీనపడుతుంది.

జమ్మూ-కశ్మీర్‌లో పేరు మరో విధంగానూ ముఖ్యమైంది. అక్కడి పహాడీ సమూహాన్ని 2024లో షెడ్యూల్డు తెగల జాబితాలో చేర్చారు. 2020 అధికార భాషల చట్టం మాత్రం పహాడీని అధికార భాషగా గుర్తించలేదు. దాని అభివృద్ధికి చర్యలు తీసుకోవాలని చెప్పింది.

1960లలో జీలం నదిపై మంగ్లా ఆనకట్ట కట్టినప్పుడు పాత మీర్‌పూర్ మునిగి, లక్షమందికి పైగా నిర్వాసితులయ్యారు. వారిలో చాలామంది బ్రిటన్ చేరారు. నేడు బ్రాడ్‌ఫర్డ్, బర్మింగ్‌హామ్ వీధుల్లో పహాడీ వినబడుతుంది. కానీ ఇంట్లో పహాడీ మాట్లాడుతూ, బయట అడిగితే తమ భాష ఉర్దూ అని చెప్పేవారు చాలామంది. ఉర్దూ చదువుకు, గౌరవానికి గుర్తు కావడమే దీనికి కారణం.

4. సారాంశం

పహాడీ ఒకే భాష కాదు, కొండల వల్ల వచ్చిన ఉమ్మడి పేరు. మాట్లాడేవారు లక్షల్లో ఉన్నా బడి, లిపి, జనగణనలో స్థానం లేకపోతే ఒక భాష బలహీనపడవచ్చు.

మీ ప్రగతిని సరిచూసుకోండి

1. గ్రియర్సన్ చేసిన పహాడీ విభజనను తెలపండి. పోఠ్వారీ అందులో ఎందుకు చేరదు?
2. జనగణనలో భాష పేరు ఎలా నమోదైందన్నది ఎందుకు ముఖ్యం? ఉదాహరణతో వివరించండి.