బహుపాత్రధారిణి సెంటా బెర్గర్



అభినయమును మన పూర్వులు నాలుగు విధములుగా విభజించిరి. అవయవముల కదలికచే చేయునది ఆంగికము. పలుకుచే చేయునది వాచికము. వేషభూషలచే చేయునది ఆహార్యము. మనస్సు పాత్రయందు లీనమై కన్నీరుగా, గగుర్పాటుగా బయల్పడునది సాత్త్వికము. పెక్కేండ్లు పాఠశాలలో నాటకములను బోధించిన నాకు, వీనిలో ఒక్కదానిచే పేరు వచ్చినను అది నిలువదని తోచుచుండును. ఇందులకు నిదర్శనముగా జర్మను భాషలో చలనచిత్రములందును, టెలివిజనునందును నానావిధ పాత్రలు ధరించిన సెంటా బెర్గర్ అను నటి చరిత్రమును నేడు విన్నవించెదను.

ఈమె 1941వ సంవత్సరము మే నెల 13వ తేదీని వియన్నా నగరమున జన్మించెను. ఆ నగరము ఆస్ట్రియా దేశమునకు రాజధాని. అచ్చటి వారి భాషయు జర్మనే. తండ్రి సంగీతజ్ఞుడు, తల్లి ఉపాధ్యాయిని. బాల్యముననే నృత్యము నభ్యసించి, పిమ్మట మాక్స్ రైన్‌హార్ట్ పేర వెలసిన నాటకవిద్యాలయమున చేరెను. అనుమతి లేక ఒక చిత్రమున నటించుటచే చదువు ముగియకమున్నే దానిని వీడవలసివచ్చెను. తరువాత జోసెఫ్‌స్టాట్ నాటకశాల ఆమెను చేర్చుకొనెను.

ఇరువది దాటిన కొలదికాలమునకే అమెరికా చిత్రములలో ప్రవేశము లభించెను. 'మేజర్ డండీ' (1965)లో చార్ల్‌టన్ హెస్టన్‌తోను, 'కాస్ట్ ఎ జయంట్ షాడో' (1966)లో కిర్క్ డగ్లస్‌తోను నటించెను. రెండును యుద్ధకథలే. కథాభారమంతయు పురుషులదే. సుందరియగు యువతికి అట్టి కథలలో ఆహార్యమునకు చోటెక్కువ, తక్కిన మూడింటికి తక్కువ. పైగా పలుకవలసినది పరభాష. కీర్తి వచ్చెను గాని విద్యకు పని చాలలేదని నా తలంపు.

ఆమె అచ్చటనే నిలిచిపోక ఐరోపాకు మరలెను. 1965లోనే మిఖాయేల్ వెర్హోవెన్‌తో కూడి సెంటానా అను చిత్రనిర్మాణసంస్థను స్థాపించెను. మరుసటియేడు వారికి వివాహమయ్యెను. ఆయన వైద్యవిద్య నేర్చిన దర్శకుడు, 2024లో దివంగతుడయ్యెను. హిట్లరు దుష్పరిపాలనమును కరపత్రములతో ఎదిరించి 1943లో మరణశిక్ష పొందిన మ్యూనిక్ విద్యార్థుల కథను ఈ సంస్థ 'తెల్లగులాబి' అను చిత్రముగా 1982లో వెలువరించెను. తెరపై వెలిగిన నటి తెరవెనుక నిలిచి ఇట్టి కార్యమునకు తోడ్పడుట సామాన్యము గాదు.

1974 మొదలు 1982 వరకు సాల్జ్‌బర్గ్ ఉత్సవములలో హోఫ్‌మన్‌స్థాల్ రచించిన 'యేడర్‌మన్' నాటకమున ఆమె పాత్ర ధరించెను. మృత్యువు పిలువగా ధనికునకు తోడువచ్చువారు లేకపోవుట అందలి ఇతివృత్తము. అతనిని విడిచిపోవు ప్రేయసి ఈమె. ప్రధానదేవాలయము ముందట, బహిరంగప్రదేశమున, వేలమంది యెదుట ఆ పాత్రను నిర్వహించుటకు వాచికబలము గావలయును.

ఇక టెలివిజను. 1986 నాటి 'కీర్ రోయాల్'లో వార్తాహరుని ప్రియురాలు. 1989 నాటి 'డీ ష్నెల్లె గెర్డీ'లో మ్యూనిక్ వీథులలో టాక్సీ నడుపు స్త్రీ. అరువదవయేట ఆరంభించిన పాత్ర వీని నన్నింటిని మించినది. 2002లో మొదలైన 'ఉంటర్ ఫెర్‌డాఖ్ట్' అను వరుసచిత్రములలో ఆమె ప్రొహాచెక్ అను పోలీసు అధికారిణి. దొంగలను పట్టుట ఆమె పని గాదు. పోలీసుల తప్పులనే విచారించుట. పై అధికారి రాజకీయనాయకుల మెప్పునకై అడ్డుపడుచుండును. ఆమె ఓర్పుతో ప్రశ్నించును, వినును, మఱల ప్రశ్నించును. ఇచ్చట ఆహార్యము స్వల్పము. ముఖమందలి ముడుతలును, కంఠమందలి నిదానమును నటించును. ఇంచుమించు పదునేడేండ్లు ప్రజ లాదరించిన పాత్ర యిది. ఈ మధ్యనే, 2003 నుండి 2010 వరకు, ఆమె జర్మను చలనచిత్ర అకాడమీకి అధ్యక్షపదవియు వహించెను.

మన గ్రామములలో నాటకము జరుగు రాత్రి మీరు చూచియేయుందురు. పద్యము భావమెఱిగి చదువు నటుడు ముసలివాడైనను జనము కదలక కూర్చుండి విందురు. కిరీటపు తళుకులు చూడవచ్చినవారు నడిరేయికే లేచిపోవుదురు. రూపము వయస్సు ఇచ్చిన ఎరువుసొమ్ము. దానిని వయస్సే తిరిగి పుచ్చుకొనును. సొమ్ము పోకమున్నే విద్యను కూడబెట్టుకొనినవారికి వార్ధకమున లోటు లేదు. మీ యిండ్లలో ఆటపాటలయం దాసక్తిగల బాలికలున్నచో, అలంకారముతోపాటు పలుకును, పాత్రమర్మమును గూడ నేర్పింపుడు.