ఫ్లాషింగ్‌కు ముందు డ్రైవర్ చూసుకోండి

చర్ల, దుమ్ముగూడెం వైపు ఊళ్ల నుంచి లోగో దగ్గరే ఆగిపోయిన ఫోన్ పట్టుకుని భద్రాచలం వచ్చారంటే ఆ రోజు కూలి పోయినట్టే. కంప్యూటర్ ఫోన్‌ను గుర్తించలేదని తిప్పి పంపితే రెండో రోజూ పోతుంది. చాలాసార్లు లోపం ఫోన్‌లో ఉండదు, యూఎస్‌బీ డ్రైవర్‌లో ఉంటుంది.

డ్రైవర్ అంటే ఫోన్‌కు, విండోస్‌కు మధ్య దుబాసీ లాంటిది. ఫోన్ కలిపి డివైస్ మేనేజర్ తెరవండి. పసుపు గుర్తు కనిపిస్తే డ్రైవర్ లేదనో, సరిపోలేదనో అర్థం. దానిపై రైట్ క్లిక్ చేసి, ‘అప్‌డేట్ డ్రైవర్’ నొక్కి, ఫోన్ చిప్‌కు తగిన డ్రైవర్ ఫోల్డర్ చూపించాలి. మీడియాటెక్‌కు వీకామ్, క్వాల్‌కామ్‌కు 9008 డ్రైవర్ కావాలి. స్విచ్ఛాఫ్ చేసిన మీడియాటెక్ ఫోన్‌కు కేబుల్ పెడితే పోర్టు కొన్ని సెకన్లే కనిపిస్తుంది. ఆలోపు డ్రైవర్ అందుకోకపోతే ఫ్లాషింగ్ మొదలే కాదు.

అసలు ఏ గుర్తూ రాకపోతే కేబుల్ మార్చి చూడండి. కొన్ని కేబుళ్లు ఛార్జింగ్‌కే తప్ప డేటాకు పనికిరావు. ఫ్లాషింగ్ మధ్యలో కరెంటు పోతే ఫోన్ పూర్తిగా డెడ్ అయ్యే ప్రమాదం ఉంది కాబట్టి ల్యాప్‌టాప్ ఛార్జింగ్ నిండుగా ఉంచుకోవాలి. ఫ్లాష్ చేస్తే ఫోటోలు, నంబర్లు పోవచ్చు. ఆ మాట కస్టమర్‌కు ముందే చెప్పి, ఒప్పుకున్నాకే పని మొదలుపెట్టాలి.