గొంతు వినిపించని ఒపేరా

హార్మోనియం మూగబోయి, కృష్ణుడు పద్యం అందుకోకుండా పెదాలు మాత్రం కదిపితే ఎలా ఉంటుంది? బళ్లారిలోనైనా బరంపురంలోనైనా జనం లేచి ఇంటిదారి పడతారు. మూకీల రోజుల్లో ఇటలీ వాళ్లు సరిగ్గా ఆ పనే చేశారు. పాటే ప్రాణమైన ఒపేరాలను మాట రాని తెరకెక్కించారు.

1909లో రోమ్‌లో 'ఫిల్మ్ దార్తె ఇతాలియానా' సంస్థ పుట్టింది. ఫ్రాన్సు కంపెనీ పాథే దానికి అండ. జనం ఎరిగిన కథలు, పేరున్న నటులు... అదీ దాని పద్ధతి. అప్పట్లో రీలు పావుగంటకు మించదు. రెండు మూడు గంటల కథ అందులో ఇమడాలంటే ముఖ్య ఘట్టాలే మిగులుతాయి. మిగతాది ప్రేక్షకుడికి తెలుసులే అన్న ధీమా. హాల్లో పియానోనో, వాద్యబృందమో ఉండనే ఉంది.

అసలు ముచ్చట 'కవల్లేరియా రుస్తికానా'ది. సిసిలీ పల్లెలో పగా ప్రతీకారాల కథ. జొవాన్ని వెర్గా 1880లో కథగా రాసి, 1884లో నాటకం చేశాడు. 1890లో కుర్ర సంగీతకారుడు పియెత్రో మస్కాన్ని దాన్ని ఒపేరాగా మలిస్తే రోమ్ ఊగిపోయింది. లాభాల్లో తన వాటా ఏదంటూ వెర్గా కోర్టుకెక్కాడు. 1893లో 1,43,000 లీరాలు ముట్టాకే ఆ వ్యాజ్యం సద్దుమణిగింది.

1916లో అదే కథపై ఒకే ఏడాది రెండు సినిమాలు! ఉగో ఫలేనా తీసిన దాంట్లో సంతుజ్జా పాత్ర జెమ్మా బెల్లించియోనిది. ఒపేరా తొలి ప్రదర్శనలో ఆ పాత్ర పాడింది ఆమే. 26 ఏళ్లు గడిచాయి, వయసు యాభై దాటింది. ఏ గొంతు కోసం జనం ఎగబడ్డారో, తెర మీద ఆ గొంతే లేదు. కళ్లతో, చేతులతో నెట్టుకురావాల్సిందే.

తెలుగు నాటకానికి ఆ కష్టం తప్పింది. సురభి వారి 'భక్త ప్రహ్లాద' 1932లో తెరకెక్కే నాటికి టాకీ వచ్చేసింది.

మస్కాన్నికి మాత్రం మరో పరీక్ష ఎదురైంది. నీనో ఓక్సీలియా తీసిన 'రాప్సోదియా సతానికా'కు సంగీతం కట్టే పని. యవ్వనం కోసం దెయ్యంతో ఒప్పందం చేసుకున్న ముసలి దొరసానిగా లీదా బొరెల్లి నటించింది. యవ్వనం దక్కుతుంది కానీ ప్రేమించకూడదన్నది షరతు. ఒపేరాలో సంగీతం వెంట నటులు నడుస్తారు. ఇక్కడంతా తలకిందులు. ఒక్కో దృశ్యం నిడివి కొలుచుకుని, దానికి సరిపడా స్వరాలు రాసుకోవాలి. 1917లో రోమ్‌లో తొలి ప్రదర్శననాడు వాద్యబృందాన్ని నడిపించింది కూడా ఆయనే. ఆ స్వరాలు పోలేదు. బాగుచేసిన ఆ సినిమాను ఇటీవలి కాలంలోనూ తెర ముందు వాద్యబృందాన్ని కూర్చోబెట్టి ఆడించారు.