బొటనవేలు నలిగితే కేసు షీటులో ఏమి రాస్తాము?



మన కాశిబుగ్గ చుట్టుప్రక్కల నుండి వేళ్లు నలిగి క్యాజువాలిటీకి వచ్చేవారిని మేము తరచుగా చూస్తుంటాము. షాపు షట్టరు దించేటప్పుడు, ఆటోలో, ఇంటి తలుపు సందులో, ఎనుమాముల మార్కెట్లో బస్తాలు దించేటప్పుడు ఈ దెబ్బలు తగులుతాయి. గోరు కింద రక్తం చేరి నల్లబడుతుంది. రాత్రంతా టక్‌టక్‌మని సలుపుతుంది.

అప్పుడు మేము అడిగే ప్రశ్నలకు కొందరు విసుక్కుంటారు. "నొప్పి చూడండమ్మా, ఈ రాతలెందుకు?" అంటారు. ఎందుకో ఈసారి చెప్పుకుందాము.

ప్రతి జబ్బుకు, ప్రతి గాయానికి ప్రపంచ ఆరోగ్య సంస్థ ఒక గుర్తు సంఖ్య ఇచ్చింది. దీనినే కోడ్ అంటారు. 1893లో ఫ్రాన్సు దేశస్థుడు జాక్ బెర్టిలాన్ తయారుచేసిన మరణ కారణాల పట్టిక దీనికి మూలము. దాని 10వ కూర్పును 1990లో ఆమోదించారు. 2022 జనవరి 1 నుండి 11వ కూర్పు అమలులోకి వచ్చినా, 10వ కూర్పు కోడ్‌లనే ఇంకా చాలాచోట్ల వాడుతున్నారు. ఆ కూర్పులో ఇలా ఉంటుంది:

వేలు కమిలి, గోరు బాగానే ఉంటే – ఎస్ 60.0
వేలు కమిలి, గోరు దెబ్బతింటే – ఎస్ 60.1
చర్మం తెగి పుండై, గోరు కూడా దెబ్బతింటే – ఎస్ 61.1
చేతి బొటనవేలి ఎముక విరిగితే – ఎస్ 62.5
కాలివేలు కమిలి, గోరు దెబ్బతింటే – ఎస్ 90.2

చివరిది గమనించండి. మన భాషలో చేతిదీ బొటనవేలే, కాలిదీ బొటనవేలే. షీటులో "బొటనవేలికి దెబ్బ" అని మాత్రమే రాస్తే కోడ్ వేసేవారికి ఏమి తెలుస్తుంది? ఒకసారి మా దగ్గరే అలా జరిగింది. ఒక హమాలీ సోదరుడు పనికి పోలేని రోజులకు ప్రమాద బీమా కోరితే, ఏ వేలు, ఏ చేయి అని అడుగుతూ కాగితాలు తిరిగి వచ్చాయి. ఎక్స్‌రే ఫిల్ముపై కుడి చేయి గుర్తు ఉన్నందున సరిచేయగలిగాము. అయినా ఆయన డబ్బు ఆలస్యమైంది. ఆ తప్పు మా రాతలోది, ఆయనది కాదు. అందుకే ఇప్పుడు రెండుసార్లు అడుగుతున్నాము.

అమెరికాలో 2015 అక్టోబరు 1 నుండి ఇంకా పొడవైన కోడ్ వాడుతున్నారు. అక్కడ గోరు దెబ్బతిన్న కుడి బొటనవేలు ఎస్ 60.111, ఎడమది ఎస్ 60.112. చికిత్స జరుగుతున్నప్పుడు చివర 'ఎ', తరువాత మానే దశలో చూపించుకోవడానికి వస్తే 'డి' చేరుస్తారు. హైదరాబాదులో మెడికల్ కోడింగ్ ఉద్యోగాలు చేసే మన పిల్లలు రోజూ చేసే పని ఇదే. డాక్టరుగారు, నర్సు రాయనిదాన్ని వారు ఊహించి వేయకూడదు.

దెబ్బ ఎలా తగిలిందో చెప్పడమూ ముఖ్యమే. రెండు వస్తువుల మధ్య ఇరుక్కుని నలిగితే దానికి వేరే కోడ్, డబ్ల్యు 23. ఇలాంటి లెక్కలు కూడితేనే ఏ పనిలో ఎక్కువ వేళ్లు నలుగుతున్నాయో తెలుస్తుంది, జాగ్రత్తలు చెప్పవచ్చు.

వచ్చేముందు ఇంట్లో చేయవలసినవి: ఉంగరం ఉంటే వాపు రాకముందే తీసివేయండి. గుడ్డలో చుట్టిన ఐసు పది, పదిహేను నిమిషాలు పెట్టండి. చేతిని గుండెకంటే ఎత్తుగా ఉంచండి. పసుపు, సున్నం పట్టించవద్దు. సూది కాల్చి గోరుకు మీరే రంధ్రం చేయవద్దు, చీము పట్టే ప్రమాదముంది. సలుపు తగ్గకపోయినా, గోరు ఊడినా, వేలు వంకరపోయినా, వంచలేకపోయినా వెంటనే రండి. ఎముక విరిగిందేమో ఎక్స్‌రేలో చూస్తారు. అవసరమైతే డాక్టరుగారే గోరు కింది రక్తం తీస్తారు. చర్మం తెగితే టెటనస్ ఇంజెక్షన్ చివరిసారి ఎప్పుడు వేయించుకున్నారో చెప్పండి. గోరు ఊడినా భయపడవద్దు. మొదలు బాగుంటే చేతి బొటనవేలి గోరు పూర్తిగా రావడానికి సుమారు ఆరు నెలలు పడుతుంది.

రిజిస్ట్రేషన్ దగ్గర ఈ నాలుగు మాటలు చెప్పండి: చేయా కాలా, కుడా ఎడమా, గోరు ఎలా ఉంది, దెబ్బ ఎలా తగిలింది. ఇంటికి వెళ్లేముందు మీ కాగితంలో అవి సరిగా ఉన్నాయో చూసుకోండి. చదవడం రాకపోతే మా నర్సును అడగండి, చదివి వినిపిస్తుంది.