పాత రీళ్లను వెదికేవారు

చరిత్రను గూర్చిన చిత్రాన్ని చూచేటప్పుడు దర్శకుని పేరు, వ్యాఖ్యాత కంఠం మనకు గుర్తుంటాయి. నడుమ కొన్ని క్షణాలు మెరిసి మాయమయ్యే పాత దృశ్యం ఎక్కడి నుండి వచ్చిందని మాత్రం అడుగము. ఆ తునకను వెదకి, దాని పుట్టుపూర్వోత్తరాలు విచారించి, హక్కుదారుల అనుమతి సంపాదించేవారు వేరే ఉంటారు. వారిని దృశ్య పరిశోధకులనవచ్చు.

మన దేశంలో ఈ భారాన్ని తలకెత్తుకొన్న తొలితరం వారిలో ఎ.కె. చెట్టియార్‌ను మేము ముందుగా స్మరిస్తాము. ఆయన తమిళుడు, యాత్రా రచయిత. 1937 అక్టోబరు 2న, సరిగా గాంధీ జయంతినాడు, న్యూయార్కు నుండి డబ్లిన్‌కు పోయే ఓడలో ఉండగా మహాత్మునిపై చిత్రం కూర్చాలన్న సంకల్పం ఆయనకు కలిగింది. కొత్తగా తీయడం కంటె, అప్పటికే లోకమంతటా చెదరి ఉన్నదానిని పోగుచేయడమే అసలు పని. సుమారు లక్ష మైళ్లు తిరిగి, ముప్పది ఏండ్లలో నూరుమంది కెమెరామెన్లు తీసిన 50,000 అడుగుల ఫిల్మును సేకరించాడు. చిత్రం 1940లో తమిళంలో విడుదలై, తరువాత తెలుగు వ్యాఖ్యానంతోను వెలువడింది. కాలక్రమాన ఆ చిత్రమే కనుమరుగైంది! 1953 నాటి ఆంగ్ల రూపం ఎన్నో ఏండ్లకు అమెరికాలో ఒక విశ్వవిద్యాలయంలో దొరికింది. వెదికినవాని చిత్రాన్ని మరొకరు వెదకవలసి వచ్చిందన్నమాట.

ఫిల్ము స్వభావమే అటువంటిది. 1950 ప్రాంతం వరకు వాడిన నైట్రేటు ఫిల్ము నీటిలో సైతం మండుతుంది. మండకున్నా క్రమంగా జిగటయై, పొడియై నశిస్తుంది. 2003 జనవరిలో పూనాలో జరిగిన అగ్నిప్రమాదంలో మన తొలినాటి చిత్రాలు ఎన్నో బూడిదయ్యాయి.

దొరికినంత మాత్రాన సరిపోదు, అది నిజమైనది కావాలి. 1916లో బ్రిటనులో ప్రదర్శించిన 'బాటిల్ ఆఫ్ ది సోమ్' చిత్రంలో సైనికులు కందకం నుండి పైకెక్కి కూలిపోయే ఘట్టం ఉన్నది. దానిని చూచి ప్రేక్షకులు కంటతడి పెట్టారు. అది యుద్ధరంగానికి వెనుక, శిక్షణ స్థలంలో నటింపజేసినదని పిమ్మట తేలింది. సైనికుల వీపున సామాను లేదు. కెమెరా నిలిచిన తావు శత్రువు గుండ్లకు ఎదురుగా ఉన్నది. 1964 నాటి బి.బి.సి. ధారావాహిక 'ది గ్రేట్ వార్'లో అసలు దృశ్యాలతో ఇట్టి కల్పితాలు కలిసిపోయాయని ఇంపీరియల్ వార్ మ్యూజియం ఆక్షేపించింది. ఆ ఆక్షేపణ న్యాయమైనదే. నటుని పతనాన్ని నిజమైన మరణంగా చూపితే, అక్కడ నిజంగా మరణించినవారికి అపచారమవుతుంది.

హదీసు విద్వాంసులు వాక్యం ఎంత సుందరమైనా ఇస్నాదు, అనగా ఉల్లేఖకుల పరంపర, సక్రమంగా లేనిదే అంగీకరించరు. దృశ్య పరిశోధకుని ప్రశ్నలూ అవే: ఎవరు తీశారు? ఎవరి చేతినుండి ఎవరికి వచ్చింది? కొడాక్ ఫిల్ము అంచున వృత్తం, చతురస్రం, త్రిభుజం వంటి గుర్తులు తయారైన సంవత్సరాన్ని తెలుపుతాయి. సంఘటన కంటె ఫిల్ము తరువాతిదైతే అది నకలో, కల్పితమో అయి ఉండాలి. చిక్కేమంటే అవే గుర్తులు 20 ఏండ్లకు మరల వచ్చేవి. అది 1916దా, 1936దా అన్నది దృశ్యంలోని టోపీలను, మోటారు బండ్లను, గోడమీది ప్రకటనలను చూచి తేల్చుకోవాలి.