పల్లికాయ చుట్టాలెవరు?

యాసంగి వస్తే వనపర్తి, నాగర్‌కర్నూల్ చెలకల్లో పల్లి. వానాకాలం గద్వాల చేలల్లో సీడ్ పత్తి. ఈ రెండు పంటల పుట్టుక గురించి మనం నమ్మేవి చాలావరకు కంటికి కనిపించేదాన్ని బట్టి అనుకున్నవే. మొక్క డీఎన్‌ఏను మొత్తంగా చదివిన జీనోమ్ పరిశోధనలు వాటిని తారుమారు చేశాయి.

అపోహ: పల్లి, శనగ దగ్గరి చుట్టాలు.

వాస్తవం: ఇద్దరిదీ చిక్కుడు కుటుంబమే, శాఖలు వేరు. డీఎన్‌ఏ పోల్చి చూస్తే అమ్రాబాద్ అడవిలోని పెద్దేగి, కడప కొండల ఎర్రచందనం ఉన్న తెగలోనే పల్లి కూడా ఉంది. శనగ కన్నా ఆ మానులే దానికి దగ్గర. ఎత్తు, ఆయుష్షు పరిణామంలో ఇట్టే మారిపోతాయి, వాటిని చూసి చుట్టరికం తేల్చలేం.

అపోహ: రెండు జాతులు కలిశాయంటే అది మనిషి పనే.

వాస్తవం: గద్వాలలో కూలీలు సాయంత్రం మొగ్గల్లో కేసరాలు తీసేసి, మర్నాడు పొద్దున మగ మొక్కల పుప్పొడి అద్దుతారు. ఆసియా, ఆఫ్రికాల పత్తి వంశానికి, అమెరికా అడవి పత్తికి అలాంటి కలయిక మనిషి పుట్టక ముందే, పది లక్షల ఏళ్లకు పైగా కిందట జరిగింది. నేటి 52 క్రోమోజోముల పత్తి దాని సంతానం. 26 క్రోమోజోముల దేశవాళీ పత్తి దీనికి తాత కాదు, దాయాది.

అపోహ: పల్లి మొదటి నుంచీ ఒకే జాతి.

వాస్తవం: నాకు అన్నిటికన్నా అబ్బురం ఇదే. పల్లిలో ఇద్దరు అడవి తల్లిదండ్రుల జీనోమ్‌లు పక్కపక్కనే ఉన్నాయి: అరాకిస్ డ్యురానెన్సిస్, అరాకిస్ ఇపాయెన్సిస్. పటాన్‌చెరు ఇక్రిశాట్ శాస్త్రవేత్తలూ పాల్గొన్న పరిశోధనలో 2016లో ఈ రెంటినీ చదివారు. బొలీవియాలో ఒకే ఒక్క చోట దొరికిన ఇపాయెన్సిస్ డీఎన్‌ఏ, పల్లిలోని సగభాగంతో 99.96 శాతం సరిపోయింది. ఇంత పోలిక ఉందంటే ఆ రెండూ విడిపోయి దాదాపు 9,400 ఏళ్లే అయిందని లెక్క. మట్టిలో కాయ కాసే మొక్క తనంతట తాను దూరాలు పోలేదు. దాని విత్తనాన్ని అక్కడి పూర్వీకులే డ్యురానెన్సిస్ ఉన్న చోటికి మోసుకెళ్లి ఉండాలి. ఆ కలయికలో క్రోమోజోములు రెట్టింపై 40 అయ్యాయి. అందుకే 20 క్రోమోజోముల అడవి బంధువులతో పల్లికి మళ్లీ సులువుగా సంకరం కుదరలేదు.

అపోహ: ఈ వంశావళి రైతుకు అక్కరకు రాదు.

వాస్తవం: ఒక్క కలయిక నుంచి వచ్చిన పంటలో వైవిధ్యం తక్కువ. తిక్క, తుప్పు తెగుళ్లను తట్టుకునే గుణం అందులో అరుదు. అరాకిస్ కార్డెనాసి అనే మరో అడవి బంధువులో అది ఉంది. 1960లలో అమెరికాలో చేసిన సంకరం ద్వారా ఆ గుణం పల్లిలోకి వచ్చింది, ఇక్రిశాట్ ద్వారా ఎన్నో దేశాలకు చేరింది. ధార్వాడ్ రకం జీపీబీడీ-4లో తెగుళ్లను ఆపే క్రోమోజోము ముక్కలు ఆ అడవి మొక్కవే.