చెక్కు చెల్లకపోతే ఎవరిని అడగాలి?

ఒక ఊళ్ళో పదిమంది ఆడవాళ్ళు సంఘం పెట్టుకున్నారు అనుకుందాం. వాళ్ళు చింతపండు కొన్నారు. గింజ తీశారు. పీచు ఏరారు. పట్నంలో ఒక కంపెనీకి అమ్మారు. కంపెనీ 60,000 రూపాయలకు చెక్కు ఇచ్చింది. సంఘం లీడరు ఆ చెక్కును బ్యాంకులో వేసింది. నాలుగు రోజులకు చెక్కు తిరిగొచ్చింది. "ఖాతాలో డబ్బు చాలదు" అని బ్యాంకువాళ్ళు చీటీ ఇచ్చారు.

చెక్కు బౌన్సయింది అంటే ఇదే.

లీడరు కంపెనీకి పోయి అడిగింది. చెక్కు మీద సంతకం పెట్టిన డైరెక్టరు ఏమన్నాడు?

"బాకీ కంపెనీదమ్మా. నాది కాదు. నన్నడిగితే ఏం లాభం?"

లీడరు ఉసూరుమంటూ ఇంటికొచ్చింది. పదిమంది కష్టం అది. కంపెనీకి కాళ్ళూ చేతులూ లేవు. దాన్ని పట్టుకుని అడిగేదెట్లా?

డైరెక్టరు చెప్పింది సగమే నిజం. మిగతా సగం చట్టంలో ఉంది. అది తెలుసుకుందాం.

చట్టం ఏం చెబుతుంది?

చెక్కుల గురించి మన దేశంలో 1881 నాటి చట్టం ఉంది. దాని పేరు నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం. చెక్కు బౌన్సయితే నేరం అని మొదట అందులో లేదు. 1988లో ఆ మాట చేర్చారు. 1989 ఏప్రిల్ 1 నుంచి అది అమల్లో ఉంది.

అందులో 138వ సెక్షన్ ఇట్లా చెబుతుంది. బాకీ తీర్చడానికి ఇచ్చిన చెక్కు డబ్బు చాలక తిరిగొచ్చింది. నోటీసు ఇచ్చినా డబ్బు కట్టలేదు. అప్పుడది నేరం. శిక్ష రెండేళ్ళ దాకా జైలు. లేదా చెక్కు మొత్తానికి రెండింతల దాకా జరిమానా. లేదా రెండూ. ఊరికే బహుమతిగా ఇచ్చిన చెక్కుకు ఇది వర్తించదు. బాకీ ఉండాలి.

చెక్కు ఇచ్చింది కంపెనీ అయితే? దానికి 141వ సెక్షన్ ఉంది. కంపెనీ మీద కేసు పెట్టవచ్చు. కంపెనీని జైల్లో పెట్టలేరు కదా. అందుకే ఆ రోజుల్లో కంపెనీ వ్యవహారం నడిపినవాళ్ళ మీద కూడా కేసు పెట్టవచ్చు. ఏ డైరెక్టరుకైనా తెలిసి, అతను ఒప్పుకునే ఇట్లా జరిగితే అతనూ దోషే. అతని నిర్లక్ష్యం వల్ల జరిగినా దోషే.

అందరు డైరెక్టర్లూ దోషులేనా?

కాదు. పేరుకు మాత్రమే డైరెక్టరుగా ఉన్నవాళ్ళు ఉంటారు. వ్యాపారం ఎట్లా నడుస్తుందో వాళ్ళకు తెలియదు. 2005లో సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చి చెప్పింది. డైరెక్టరు అయినంత మాత్రాన నేరం అంటదు. వ్యవహారం చూసేవాళ్ళలో అతను ఉన్నాడని ఫిర్యాదులో రాయాలి. మేనేజింగ్ డైరెక్టరు ఆ పదవి వల్లనే బాధ్యుడు. చెక్కు మీద సంతకం పెట్టినవాళ్ళూ బాధ్యులే.

2012లో సుప్రీంకోర్టు ఇంకో మాట చెప్పింది. డైరెక్టర్ల మీద కేసు పెట్టాలంటే కంపెనీని కూడా ముద్దాయిగా చేర్చాలి. కంపెనీ పేరు వదిలేస్తే కేసు నిలవదు.

గడువు దాటనివ్వకండి

ఈ కేసులో రోజులు లెక్కపెట్టుకోవాలి. చెక్కు మీద వేసిన తేదీ నుంచి మూడు నెలల్లోగా దాన్ని బ్యాంకులో వేయాలి. చెల్లలేదని బ్యాంకు చెప్పిన రోజు నుంచి 30 రోజుల్లోగా నోటీసు పంపాలి. నోటీసు రాతపూర్వకంగా ఉండాలి. నోటీసు అందాక డబ్బు కట్టడానికి వాళ్ళకు 15 రోజులు గడువు. అప్పటికీ కట్టకపోతే, ఆ తర్వాత ఒక నెలలోగా కోర్టులో ఫిర్యాదు వేయాలి.

మన సంఘం సంగతే చూడండి. జూన్ 5న బ్యాంకు చీటీ ఇచ్చింది. జూలై 5 లోపు నోటీసు పంపాలి. వాళ్ళు ముందే పంపారు. జూన్ 15న కంపెనీకి అందింది. జూన్ 30 దాకా చూడాలి. డబ్బు రాకపోతే జూలై నెలాఖరులోపు కోర్టుకు పోవాలి.

నోటీసును స్పీడ్ పోస్టులో పంపితే మంచిది. రసీదు దాచుకోండి. చెక్కు, బ్యాంకు చీటీ, సరుకు ఇచ్చిన బిల్లు, నోటీసు నకలు అన్నీ ఒక సంచిలో భద్రంగా పెట్టండి.

ఈ ఫిర్యాదు పోలీస్ స్టేషన్లో ఇచ్చేది కాదు. మేజిస్ట్రేటు కోర్టులో ఇవ్వాలి. చెక్కు మీ ఖాతాలో వేస్తే, మీ ఖాతా ఉన్న బ్యాంకు ఏ కోర్టు కిందికి వస్తుందో ఆ కోర్టులోనే వేయవచ్చు. 2015లో ఈ వీలు వచ్చింది. కంపెనీ ఉన్న పట్నానికి తిరగక్కర్లేదు. మధ్యలో రాజీకి వస్తే రాజీ పడవచ్చు. అయితే డబ్బు చేతికొచ్చాకే కేసు వదలండి.

మన సంతకం సంగతి

ఇప్పుడు రెండో వైపు చూద్దాం. కొందరు మగవాళ్ళు కంపెనీ పెడతారు. భార్యనో, వదిననో డైరెక్టరుగా రాస్తారు. "ఇక్కడ సంతకం పెట్టు" అంటారు. ఆమె పెడుతుంది. ఎందుకని అడగదు. కొన్నాళ్ళకు కోర్టు నుంచి సమన్లు వస్తాయి.

"నాకేం తెలుసయ్యా, పెట్టమంటే పెట్టాను" అంటే చాలదు. వ్యాపారంతో తనకు సంబంధం లేదని కోర్టులో చూపించుకోవాలి. చెక్కు మీదే సంతకం పెట్టి ఉంటే బయటపడటం ఇంకా కష్టం.

ఖాళీ చెక్కు సంగతి కూడా అంతే. 2019లో సుప్రీంకోర్టు ఒక తీర్పు చెప్పింది. మనంతట మనమే సంతకం పెట్టి ఖాళీ చెక్కు ఇచ్చామా, బాకీకే ఇచ్చామని కోర్టు అనుకుంటుంది. బాకీ లేదని మనమే చూపించాలి.

మనం వేలిముద్ర మాని సంతకం నేర్చుకున్నాం. చదవడమూ నేర్చుకున్నాం. ఇక చదివాకే సంతకం పెడదాం. అర్థం కాని కాగితం ఇంకొకరితో చదివించుకుందాం. భర్త ఇచ్చినా సరే, కొడుకు ఇచ్చినా సరే.

వకీలుకు డబ్బు లేకపోతే?

ఆడవాళ్ళకు ఉచితంగా న్యాయ సహాయం ఇవ్వాలని చట్టం ఉంది. ఆదాయం ఎంత అని చూడరు. మీ కోర్టు దగ్గర న్యాయ సేవల సంస్థలో అడగండి. 15100 నంబరుకు ఫోను కూడా చేయవచ్చు.

ఆలోచించండి, చెప్పండి

1. బ్యాంకు చీటీ వచ్చాక ఎన్ని రోజుల్లో నోటీసు పంపాలి?
2. కేసులో కంపెనీ పేరు ఎందుకు ఉండాలి?
3. మీ సంఘానికి ఎవరైనా చెక్కు ఇస్తే, దాని మీద ఏమేం చూస్తారు?
4. మీరు చదవకుండా సంతకం పెట్టిన కాగితం ఏదైనా ఉందా? ఇవాళ ఇంట్లో వెతికి చదవండి.